ముంబైలో యూదులు ఇంకా ఎంతమంది ఉన్నారు? థానే సినగాగ్ ముందు ఆగాక వచ్చిన ప్రశ్న

థానే_శ్రీను

అందరికీ నమస్కారం. నేను థానేకి వచ్చి మూడేళ్ళు దాటింది. ఆఫీసుకి టెంభీ నాకా మీదుగానే వెళ్తాను. అక్కడ రోడ్డు పక్కన ఒక పాత మందిరం ఉంది, గోడ మీద ఆరు కోణాల నక్షత్రం. ఇన్నాళ్ళూ చర్చి అనుకుంటూ దాటిపోయాను. పోయిన శనివారం పొద్దున సెలవు కదా అని కూరగాయలకి వెళ్తుంటే గేటు దగ్గర ఒక పెద్దాయన కనిపించారు. తలకి చిన్న టోపీ, చేతిలో పుస్తకం, వాచ్‌మన్‌తో అచ్చమైన మరాఠీలో మాట్లాడుతున్నారు. "ఇదేం గుడి బాబా" అని అడిగా. "సినగాగ్. మేం యూదులం" అన్నారు. మీరు ఎక్కడి నుంచి వచ్చారండీ అంటే ఆయన కాస్త నవ్వి, "పేణ్ నుంచి, మా తాత బొంబాయి వచ్చాడు" అన్నారు. పేణ్ అంటే ఇక్కడ కొంకణ్‌లో ఊరే, నేనేదో ఇజ్రాయెల్ అనో జర్మనీ అనో అంటారనుకున్నా. అంతలో లోపల్నుంచి ఎవరో పిలిచారు, వెళ్ళిపోయారు. అప్పట్నుంచి అదే ఆలోచన. వీళ్ళు ఎంతమంది ఉన్నారు, ఎప్పుడొచ్చారు, ఎలా బతుకుతున్నారు? తెలిసినవాళ్ళు చెప్పండి.

పాతకథల_పంతులు

శ్రీను గారూ, మీరు చూసింది షార్ హషమాయిమ్, అంటే స్వర్గద్వారం. 1879లో కట్టారు. ఆ పెద్దాయన చెప్పింది నిజం, వాళ్ళు ఎక్కడి నుంచో మొన్న వచ్చినవాళ్ళు కారు. బెనె ఇజ్రాయెల్ అంటారు. వాళ్ళు తరతరాలుగా చెప్పుకునే కథ ఏమిటంటే, వందల ఏళ్ళ క్రితం కొంకణ్ తీరంలో అలీబాగ్ దగ్గర నవగావ్ ఒడ్డున ఓడ పగిలిపోయి ఏడుగురు మగవాళ్ళు, ఏడుగురు ఆడవాళ్ళు బతికి బయటపడ్డారు, వాళ్ళ సంతానమే తామంతా అని. ఏ శతాబ్దంలో జరిగిందో ఎవరూ రుజువు చెయ్యలేదు. ఊళ్ళల్లో మాత్రం వాళ్ళు నూనె గానుగలు ఆడించేవాళ్ళు. మన దగ్గర గాండ్ల వాళ్ళు, తెలికుల వాళ్ళు ఎలాగో అలాగన్నమాట. ఒకటే తేడా, శనివారం గానుగ ఆపేసేవారు. అందుకని ఊరివాళ్ళు వాళ్ళని "శనివార్ తేలీ" అన్నారు. పుస్తకాలు లేవు, పండితుడు లేడు, హీబ్రూ చాలావరకు మర్చిపోయారు, కానీ శనివారం పని మానడం, మగపిల్లలకి సున్తీ, పొలుసులూ రెక్కలూ లేని చేప తినకపోవడం, "షెమా" అనే ఒక్క ప్రార్థన, ఇవి పట్టుకుని అన్ని తరాలు నెట్టుకొచ్చారు. నాకు ఇదే చాలా గొప్పగా అనిపిస్తుంది.

ఇంటిపేర్లు కూడా చూడండి. పేణ్ వాళ్ళు పేణ్‌కర్, నవగావ్ వాళ్ళు నవగావ్‌కర్, దివే వాళ్ళు దివేకర్. మనకి ఊరిపేరు ఇంటిపేరైనట్టే.

1700ల మధ్య నుంచి బొంబాయి రావడం మొదలైంది. ఈస్టిండియా కంపెనీ సైన్యంలో చేరారు, తర్వాత రైల్వే, పోస్టాఫీసు, కస్టమ్స్. సైన్యంలో ఉన్న శామ్యూల్ ఎజెకియల్ దివేకర్ 1796లో మాండ్వీలో మొదటి సినగాగ్ కట్టించాడు. అతను టిప్పు సుల్తాన్ చేతికి చిక్కి విడుదలై వచ్చాక మొక్కు తీర్చుకున్నాడని చెప్తారు. బెనె ఇజ్రాయెల్ వాళ్ళు సినగాగ్‌ని కూడా మశీద్ అనేవారు, దానికి జునీ మశీద్ అని పేరు. మీరు హార్బర్ లైన్‌లో దిగే మస్జిద్ స్టేషన్‌కి ఆ పేరు దీన్నుంచే వచ్చిందంటారు.

లెక్క అడిగారు కదా. స్వాతంత్ర్యం వచ్చేనాటికి బెనె ఇజ్రాయెల్ సుమారు ఇరవై వేలు, ఎక్కువమంది బొంబాయి, ఆ చుట్టుపక్కలే. 2011 జనగణనలో దేశం మొత్తం మీద యూదులు 4,650. అందులో సగానికి పైగా మహారాష్ట్రలోనే, అంటే ముంబై, థానే, కొంత పూణె, కొంత అలీబాగ్ వైపు.

కామాఠీపుర_మనవడు

పంతులు గారు కొంకణ్ వాళ్ళ గురించి చెప్పారు, నేను ఇంకో కొమ్మ గురించి చెప్తా. మా ముత్తాత పాలమూరు నుంచి బొంబాయికి తాపీ పనికి వచ్చాడు. కామాఠీపుర అన్న పేరే మన తెలుగు కూలీల వల్ల వచ్చింది, ఇప్పుడు ఆ పేరు వింటే జనానికి ఇంకేదో గుర్తొస్తుంది, అది వేరే బాధ. అక్కడి నుంచి నడిచి వెళ్తే నాగ్‌పాడా, ఆ పక్కన బైకుల్లా. మా నాన్న చిన్నప్పుడు నాగ్‌పాడాలో యూదుల ఇళ్ళు బోలెడు ఉండేవట. శుక్రవారం పొద్దుగూకక ముందే పొయ్యి వెలిగించి పెట్టుకునేవారు, శనివారం అగ్గిపుల్ల కూడా గీయరు కాబట్టి. పక్కింటి ఆంటీ అప్పుడప్పుడు మా నాన్నని పిలిచి దీపం ఆర్పించుకునేదట, మర్నాడు కొబ్బరి హల్వా ముక్క పెట్టేదట.

బైకుల్లాలో మాగెన్ డేవిడ్ సినగాగ్ 1860లలో కట్టింది, లేత నీలం రంగు, ఎత్తైన గోపురం, దానికి గడియారం. కట్టించింది డేవిడ్ ససూన్. ఆయన బాగ్దాద్‌లో అక్కడి పాషా వేధింపులు పడలేక ఇరాన్‌లోని బుషెహర్ మీదుగా 1832లో బొంబాయి చేరాడు. ఆయన వెనక బాగ్దాద్, బస్రా, అలెప్పో నుంచి చాలా కుటుంబాలు వచ్చాయి, వాళ్ళని బాగ్దాదీలు అంటారు. ససూన్ డాక్, డేవిడ్ ససూన్ లైబ్రరీ, కాలాఘోడాలో 1884 నాటి కెనెసెత్ ఎలియాహు సినగాగ్, ఇవన్నీ ఆ కుటుంబం చేతి మీదుగా వచ్చినవే. డాక్ 1875లో తెరిచారు, ఇప్పుడు తెల్లారుజామున అక్కడ కోలీ ఆడవాళ్ళు రొయ్యలు ఒలుస్తుంటారు, వాసన కొలాబా అంతా వస్తుంది. మిల్లులు కూడా పెట్టారు, మన పద్మశాలీలు ఎంతోమంది బొంబాయి మిల్లుల్లోనే బతికారు.

ఇంకో మాట కూడా చెప్పాలి, దాచకూడదు. ఆ డబ్బులో పెద్ద భాగం చైనాకి నల్లమందు అమ్మి సంపాదించింది. లైబ్రరీ మెట్ల మీద కూర్చుని చదువుకున్నవాణ్ణి నేను, అయినా అది మర్చిపోలేను.

సూటిగా_సుధీర్

ఒక ప్రశ్న. ప్రపంచమంతా యూదుల్ని తరిమితే మన దేశంలో ఒక్కరూ వాళ్ళ జోలికి పోలేదు అంటారు కదా. మరి ఇంత బాగా చూసుకుంటే ఆ ఇరవై వేలల్లో ఎక్కువమంది ఎందుకు వెళ్ళిపోయారు? ఎవరూ దీనికి సరిగ్గా జవాబు చెప్పరు.

పాతకథల_పంతులు

సుధీర్ గారూ, మంచి ప్రశ్నే. ఇరుగుపొరుగు వాళ్ళని తరిమింది లేదు, అది నిజం, వాళ్ళే ఆ మాట చెప్తారు. వెళ్ళడానికి కారణాలు చాలా ఉన్నాయి. 1947లో తెల్లదొరలు పోయారు, 1948లో ఇజ్రాయెల్ వచ్చింది. రైల్వేలో, కస్టమ్స్‌లో గుమస్తాలుగా ఉన్న కుటుంబాలకి రేపు ఏమవుతుందో అన్న టెన్షన్. ఇంకోవైపు రోజూ మూడు పూటలా యెరూషలేం వైపు తిరిగి ప్రార్థన చేసేవాళ్ళకి ఆ దేశం నిజంగానే ఏర్పడింది. ఒకరు వెళ్తే అన్న, అన్న వెనక చెల్లెలు, ఆ తర్వాత పెళ్ళి సంబంధాలు కూడా అక్కడే. మన ఊళ్ళు ఖాళీ అయింది ఎలాగో గుర్తు చేసుకోండి, దుబాయ్ వెళ్ళినా అమెరికా వెళ్ళినా ఎవరూ తరమలేదుగా.

అక్కడికి వెళ్ళాక పూలదండలేమీ వెయ్యలేదు. 1960ల మొదట్లో అక్కడి మతపెద్దలు బెనె ఇజ్రాయెల్ వాళ్ళ పెళ్ళిళ్ళకి వంశం ఆరా తీయాలన్నారు, మీరు పూర్తి యూదులేనా అని. వాళ్ళు యెరూషలేంలో ధర్నా చేశారు. 1964లో ప్రభుత్వం కలగజేసుకుంటే గానీ కుదుటపడలేదు.

ఇక్కడ కూడా అంతా పాలూ తేనే కాదు. బాగ్దాదీలు బెనె ఇజ్రాయెల్‌ని తమతో సమానంగా చూడలేదు. సంబంధాలు కలుపుకోలేదు, 1830లలోనే శ్మశానంలో మధ్య గోడ కట్టించమని దొరలకి అర్జీ పెట్టుకున్నారు. బెనె ఇజ్రాయెల్‌లో మళ్ళీ గోరా, కాలా అని రెండు వర్గాలు, బయటి పెళ్ళిళ్ళ వల్ల పుట్టినవాళ్ళని కాలా అని కంచం దగ్గర కూడా వేరుపెట్టారు. కులం ఎంత అంటుకునే రోగమో చూడండి, ఓడలో వచ్చినవాళ్ళనీ వదల్లేదు.

సూటిగా_సుధీర్

గోరా, కాలా సంగతి నాకు అసలు తెలియదు. థాంక్స్ పంతులు గారు. నా ప్రశ్నలో ఉన్న "మనం బాగా చూశాం" అన్న గర్వం కాస్త తగ్గింది.

కానీ ఒక్కరూ జోలికి పోలేదన్నది 2008 తర్వాత అనలేం కదా.

కామాఠీపుర_మనవడు

అవును సుధీర్ అన్నా. నారిమన్ హౌస్. కొలాబా సందుల్లో ఉండే ఐదంతస్తుల బిల్డింగ్, బయటి నుంచి వచ్చే యూదు ప్రయాణికులకి భోజనం, ప్రార్థన ఏర్పాటు చేసే చబాద్ అనే యూదు మత సంస్థ కేంద్రం. ఉగ్రవాదుల దాడి నవంబర్ 26 రాత్రి మొదలై మూడో రోజుకి ముగిసింది. రబ్బీ (యూదు మతగురువు) గావ్రియెల్ హోల్ట్స్‌బర్గ్, ఆయన భార్య రివ్కా, ఇంకో నలుగురు చనిపోయారు. రెండేళ్ళు కూడా నిండని వాళ్ళ బాబు మోషేని ఆయా సాండ్రా శామ్యూల్ ఎత్తుకుని బయటికి పరిగెత్తింది. తర్వాత ఆ బాబుతో పాటు ఆమె కూడా ఇజ్రాయెల్ వెళ్ళింది. 2018లో ఆ పిల్లవాడు మళ్ళీ ఆ ఇంటికి వచ్చాడు.

నేనప్పుడు సీఎస్టీ దగ్గర ఆఫీసులో ఉన్నా. ఆ రాత్రి గురించి ఎక్కువ రాయలేను. కానీ ఒకటి చెప్తా, దాని తర్వాత కూడా బైకుల్లాలో, ఆగ్రీపాడాలో ముస్లింల మధ్యనే ఉన్న సినగాగ్‌లకి ఏ ఇబ్బందీ రాలేదు. మాగెన్ హసీదిమ్ అని ఆగ్రీపాడాలో ఉంది, పండగలకి బాగా నిండేది అదే, చుట్టూ అన్నీ ముస్లిం ఇళ్ళే. బైకుల్లా సినగాగ్ ఆవరణలో ససూన్‌ల పేరు మీద నడిచే బడిలో చదివేది దాదాపు అంతా ముస్లిం పిల్లలే.

వంటింటి_వసుధ

చరిత్ర చాలా బాగుంది కానీ నాకు వంట గురించే రాయాలని ఉంది. ములుంద్‌లో మేమున్న బిల్డింగ్‌లో రెండో అంతస్తులో ఒక బెనె ఇజ్రాయెల్ కుటుంబం. కొడుక్కి ఉద్యోగం వచ్చిందని మలీదా పెట్టుకున్నారు, మమ్మల్ని పిలిచారు. నేను కరీంనగర్ దాన్ని, మలీద అంటే నాకు సద్దుల బతుకమ్మ రోజు రొట్టె నలిపి బెల్లం కలిపే ముద్దలే. ఇక్కడ చూస్తే అటుకులు! తడిపిన అటుకుల్లో పచ్చికొబ్బరి తురుము, చక్కెర, ఏలకులు, జీడిపప్పు, కిస్మిస్ కలిపి పెద్ద పళ్ళెంలో కుప్పగా పోశారు. చుట్టూ అరటి, ఆపిల్, దానిమ్మ, ఖర్జూరం, ఇంకా ఏవో పళ్ళు, మధ్యలో గులాబీ రేకులు. అందరూ చుట్టూ నిలబడి ఎలియాహు హనావి అని ఏలీయా ప్రవక్త పేరు మీద పాడారు. పెద్దాయన ఒక్కో పండు పట్టుకుని ఒక్కో ప్రార్థన చదివి అందరికీ పంచారు. మొక్కు తీరినా, గృహప్రవేశమైనా, పెళ్ళికి ముందైనా ఇదే చేస్తారట. ప్రపంచంలో ఇంకెక్కడి యూదులూ ఇలా చెయ్యరని ఆంటీ చెప్పింది. అలీబాగ్ దగ్గర ఖండాలా ఊళ్ళో ఒక బండ మీద ఏలీయా రథం గుర్తు ఉందని నమ్మి అక్కడికి కూడా వెళ్తారు (లోనావలా పక్కన ఉన్న ఖండాలా కాదు).

వాళ్ళింట్లో ఏ కూరలోనైనా కొబ్బరిపాలే. మాంసం, పాలు కలపకూడదు కాబట్టి పెరుగు, నెయ్యి పడే చోటల్లా కొబ్బరిపాలు వేస్తారు. కొత్త సంవత్సరానికి గోధుమపాలు, కొబ్బరిపాలు పోసి గంటలకొద్దీ తిప్పి చేసే హల్వా ఒకటుంది, చెయ్యి పడిపోతుంది, బిల్డింగ్ ఆడవాళ్ళం వంతులవారీగా తిప్పాం. శుక్రవారం రాత్రి ద్రాక్షసారా బదులు కిస్మిస్ నానబెట్టి పిండిన షర్బత్ తాగుతారు. గుమ్మానికి కుడివైపు చిన్న గొట్టం లాంటిది బిగించి ఉంటుంది, లోపల చర్మం మీద రాసిన వాక్యాలు ఉంటాయట. ఆంటీ బయటికి వెళ్ళేటప్పుడల్లా దాన్ని వేలితో తాకి వేలిని ముద్దు పెట్టుకునేది. మనం గడపకి దణ్ణం పెట్టినట్టు.

థానే_శ్రీను

వసుధ గారూ, మలీద అని చదివాక మా అమ్మకి ఫోన్ చేశాను, ఆవిడ నమ్మలేదు.

ఇంకో సందేహం. శనివారం ఆ సినగాగ్‌లో అంతమంది కనిపించలేదు. తక్కువమంది ఉంటే ప్రార్థన జరగదా?

పాతకథల_పంతులు

పదిమంది వయసొచ్చిన మగవాళ్ళు ఉండాలి. దాన్ని మిన్యాన్ అంటారు. తొమ్మిదిమందే ఉంటే తోరా (వాళ్ళ పవిత్ర గ్రంథం) చుట్ట బయటికి తియ్యరు, కొన్ని ప్రార్థనలు వదిలేస్తారు. ముంబైలో ఇంకా అరడజనుకు పైనే సినగాగ్‌లు ఉన్నాయి కానీ పాత వీధుల్లో ఇప్పుడు ఇళ్ళు లేవు, కుటుంబాలన్నీ థానే వైపు వచ్చేశాయి. మాండ్వీలో ఆ పదోమనిషి కోసం ఎదురుచూస్తూ కూర్చోవడం వాళ్ళకి మామూలే. రబ్బీ అంటూ ఎప్పుడూ పెద్దగా లేరు, హజ్జాన్ అని ప్రార్థన నడిపించే ఆయనే పెళ్ళి, చావు, కోడి కొయ్యడం అన్నీ చూసుకుంటాడు.

2016లో మహారాష్ట్ర ప్రభుత్వం వాళ్ళకి మైనారిటీ హోదా ఇచ్చింది. అప్పటిదాకా ఫారాల్లో "ఇతరులు" అని రాసుకోవాల్సి వచ్చేది. బయటివాళ్ళకి చిన్న విషయంలా కనిపిస్తుంది. పెళ్ళి రిజిస్ట్రేషన్ దగ్గర గుమస్తా "జూ అంటే ఏంటి, పార్సీనా" అని అడిగే ఊళ్ళో అది చిన్న విషయం కాదు.

చేబ్రోలు_అబ్బాయి

ఇది ముంబై చర్చే కానీ ఒక్క మాట. మా గుంటూరు వైపు చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిమ్ అని తెలుగు యూదులున్నారు. కొన్ని పదుల కుటుంబాలు, ఎక్కువగా మాదిగ కుటుంబాల నుంచి. చిన్న సినగాగ్ ఉంది, శనివారం పాటిస్తారు, తెలుగులోనే మాట్లాడుకుంటారు, హీబ్రూ నేర్చుకుంటున్నారు. తాము ఇజ్రాయేలీయుల పాత గోత్రాల్లో ఒకటైన ఎఫ్రాయిము గోత్రం వాళ్ళమని చెప్తారు. ఇజ్రాయెల్ దేశం వీళ్ళని ఇంకా గుర్తించలేదు. బొంబాయి వాళ్ళని 1964 దాకా ఆరా తీశారని ఇప్పుడే చదివాను, మావాళ్ళు గుర్తొచ్చారు. ముంబై బెనె ఇజ్రాయెల్‌కి శనివార్ తేలీ అన్న పేరు ఊరివాళ్ళ నోట్లో నిలిచిపోయింది, అది వాళ్ళకి సాక్ష్యమైంది. కూలి పనికి పొలం వెళ్ళేవాళ్ళకి ఏ సాక్ష్యం ఉంటుంది?

పాతకథల_పంతులు

తమ్ముడూ, దీనికి నా దగ్గర సమాధానం లేదు. దీని మీద విడిగా ఒక చర్చ మొదలుపెట్టు, నీకు తెలిసినంతా రాయి, తప్పకుండా చదువుతా.

జగిత్యాల_టు_అష్దోద్

అన్నలు, అక్కలు, నేను చాలా రోజుల నుంచి ఇక్కడ చదువుడే తప్ప రాయలేదు. నేను ఇజ్రాయెల్‌లో అష్దోద్‌ల పెద్దవాళ్ళను చూసుకునే పని చేస్తున్న. మన తెలంగాణోళ్ళు ఈ పనిల చాలామంది ఉన్నరు. నేను చూసుకునే అమ్మమ్మకు ఎనభై దాటినయ్. బొంబాయిల పుట్టింది, నాగ్‌పాడాల పెరిగింది. మొదటి రోజు నేను వచ్చీరాని హీబ్రూల మాట్లాడుతుంటే ఆమె "తూ హిందుస్తానీ హై న, హిందీ మే బోల్" అన్నది. నాకు కండ్లల్ల నీళ్ళు తిరిగినయ్. వాళ్ళ చెల్లెలితోని ఫోన్‌ల మరాఠీ మాట్లాడుతది. మాయబోలీ అని ఇక్కడ మరాఠీల పత్రిక వస్తది, భూతద్దం పెట్టుకొని చదువుతది. ఇక్కడ వీళ్ళ సంతతి ఇప్పుడు డెబ్బై వేలకు పైననే అంటరు. దిమోనా, బీర్‌షెబా, లోద్, అష్దోద్‌లల్ల ఎక్కువ. పోరగాళ్ళు క్రికెట్ ఆడుతరు.

ఈ చర్చంతా నేను ఆమెకు హిందీల చదివి చెప్పిన. డేవిడ్ గురించి ఎవరూ రాయలేదని అడిగింది. సినిమాల నటించిన డేవిడ్ అబ్రహాం చెవుల్కర్ వాళ్ళోడేనట, నాదిరా బాగ్దాదీ అట, మూకీల కాలంలో సులోచన కూడా అట. కవి నిసీమ్ ఎజెకియల్ గురించి కూడా రాయమన్నది, 1983ల సాహిత్య అకాడమీ అవార్డు వచ్చిందట ఆయనకు. తన పేరు మాత్రం రాయొద్దన్నది.

మజ్‌గావ్‌ల సర్ ఎలీ కదూరీ బడిల చదువుకున్నదట. ఆ బడి ఇంకా ఉన్నదా అని అడగమన్నది.

కామాఠీపుర_మనవడు

అక్కా, ఉంది! 1875లో బెనె ఇజ్రాయెల్ వాళ్ళే పెట్టుకున్న బడి అది, కేహింకర్ అనే ఆయన మొదలుపెట్టాడు, తర్వాత కదూరీ విరాళంతో ఆ పేరు వచ్చింది. మాకు దగ్గరే. ఈ వారంలో వెళ్ళి చూసి చెప్తా.

థానే_శ్రీను

నేను మళ్ళీ వెళ్ళాను. ఈసారి ఆదివారం, శనివారం వాళ్ళకి ఇబ్బంది అవుతుందని. వెళ్ళాలనుకునేవాళ్ళకి: ఆధార్ లాంటిది ఏదైనా చూపించాలి, గేటు దగ్గర పేరు రాయించుకుంటారు, తల కప్పుకోవాలి, టోపీ లేకపోతే వాళ్ళే ఇస్తారు. ఫొటోలు అడగకుండా తియ్యొద్దు. కాలాఘోడా దగ్గరైతే పోలీసులు కూడా ఉంటారు. విసుక్కోకండి, ఎందుకో పైన చదివారు.

లోపల మధ్యలో చెక్క కటకటాలతో ఎత్తైన వేదిక, పైన ఆడవాళ్ళకి గ్యాలరీ, పైకప్పు నుంచి వేలాడే గాజు దీపాలు. తోరా చుట్టలు పెట్టే అల్మారా ముందు తెర. ఆ పెద్దాయనే ఉన్నారు. మీకు ఎంతమంది పిల్లలు అని అడిగితే ముగ్గురు, ఇద్దరు అక్కడ, ఒకడు ఘోడ్‌బందర్ రోడ్‌లో అన్నారు. ఆ ఒక్కడు శనివారం వస్తాడు, మనవణ్ణి తీసుకుని వస్తాడు, వాడికి పదమూడు నిండితే పదిమందిలో లెక్కకి వస్తాడు అన్నారు. ఇంకా పధ్నాలుగు నెలలట.

కామాఠీపుర_మనవడు

అక్కా, నిన్న సాయంత్రం మజ్‌గావ్ వెళ్ళాను. బడి వదిలే టైము. గేటు బయట బురఖాల్లో తల్లులు, ఆటోలు, ఐస్ గోలా బండి. పిల్లలు పరిగెత్తుకుంటూ వస్తున్నారు, బోర్డు మీద అదే పేరు. వాచ్‌మన్ లోపలికి వద్దన్నాడు, పిల్లలున్నారు కదా, సరైన మాటే. జనం పోయాక గేటు, బోర్డు వరకు ఒక ఫొటో తీసి నీకు విడిగా పంపాను. అమ్మమ్మకి చూపించు.

జగిత్యాల_టు_అష్దోద్

చూపించిన తమ్ముడు. ఫోన్ తన చేతులకు తీసుకొని రెండు వేళ్ళతో పెద్దగ చేసుకొని చానాసేపు చూసింది. గేటు రంగు మారిందన్నది. ఎడమ పక్క గోడను చూపిస్త, వాన పడితే వాళ్ళ నాయిన రైల్వే గొడుగు పట్టుకొని అక్కడ్నే నిలబడేటోడట. ఐస్ గోలా ఇప్పుడు ఎంత అని అడగమంటున్నది.